నీలగిరులలో తేనెతీవ

పందిరిలేని తెలుగిల్లు ముచ్చటగా నుండదు. పెరటిలో బీరయో పొట్లయో చిక్కుడో, వాకిట సన్నజాజియో విరజాజియో, ఏదో యొక తీగ ప్రాకనిదే యిల్లాలికి తోట పెంచిన తృప్తి కలుగదు. చెట్టు తనంతట తాను నిలుచును. తీగకు మాత్రము మన చేయి కావలెను. ఎచ్చట ఊత మీయవలెను, ఎప్పుడు కత్తిరింపవలెను, ఎంతవఱకు పోనీయవలెను అను మూడు సంగతులు తెలిసిననే తీగను పెంచినట్లు. మొదటి రెండును మనలో పెక్కురకు తెలిసినవే. మూడవది యెంత ముఖ్యమైనదో నీలగిరులలో హనీసకిల్ అను చలిదేశపు తీగను చూచినప్పుడు మాకు బోధపడినది. ఆ సంగతులను సోదరీమణులతో చెప్పుకొనుటకే యీ వ్యాసము.

గడచిన వైశాఖమున ఎండలకు తాళలేక మేము నీలగిరులకు బయలుదేఱితిమి. మాతోగూడ మా అత్తగారును, కాకినాడనుండి వచ్చిన మా వదినగారును ఉండిరి. ఆంగ్లేయుల కాలమున మద్రాసు ప్రభుత్వము వేసవిలో ఉదకమండలమునకు తరలిపోవుచుండెడిది. కోస్తా జిల్లాలును రాయలసీమయు 1953లో ఆంధ్రరాష్ట్ర మేర్పడువఱకు ఆ ప్రభుత్వము క్రిందనే యుండెను గనుక, కచేరీ యుద్యోగుల కుటుంబములలో పెద్దలు చెప్పు ఊటీ కథలు నేటికిని వినవచ్చుచుండును.

కోయంబత్తూరు మీదుగా మేట్టుపాళయము చేరి, అచ్చట చిన్నరైలెక్కితిమి. ఈ రైలుమార్గము 1899లో కూనూరు వఱకును, 1908లో ఉదకమండలము వఱకును తెఱువబడినది. 2005లో యునెస్కోవారు దీనిని ప్రపంచ వారసత్వ సంపదలలో చేర్చిరి. సముద్రమట్టమునకు 326 మీటర్ల యెత్తుననున్న మేట్టుపాళయమునుండి 2,203 మీటర్ల యెత్తుననున్న ఉదకమండలమునకు దూరము 46 కిలోమీటర్లే. కల్లారు దాటిన పిదప రెండు పట్టాల నడుమ పండ్లుగల పట్టా యొకటి కనబడును. ఇంజను అడుగున నున్న పండ్లచక్రము దానిని పట్టుకొని, జారిపోకుండ బండిని పైకి నెట్టుకొనిపోవును. క్రింద పోకతోటలును వెదురుపొదలును కానవచ్చెను. పైకి పోయినకొలది అవి వెనుకబడి, దువ్వినట్లున్న తేయాకుతోటలు మొదలాయెను. మా అత్తగారు శాలువ కప్పుకొనుచు, "ఊరు మాఱినప్పుడు బోర్డు చూడనక్కఱలేదమ్మా, చెట్టు చూచిన చాలును" అనిరి.

కూనూరులో మేము దిగిన బస పాతకాలపు పెంకుటిల్లు. గుమ్మమునకు ముందు కొయ్యతో కట్టిన వంపుద్వార మొకటి యుండెను. దానిపై దట్టముగా నల్లుకొన్న తీగకు తెల్లని పూవులును పసుపుపచ్చని పూవులును కలసి విరియబూచి యుండెను. రెండు తీగలను జతగా నాటిరేమో యని మొదట తోచినది. దగ్గఱకుపోయి చూడగా ఒకే కణుపున రెండు రంగులును గలవు. సాయంకాలము విచ్చినప్పుడు పూవు తెల్లగా నుండి, ఆ పిమ్మట పసుపుపచ్చగా మాఱును. అందుచేతనే చీనావారు దీనిని బంగారు వెండి పూవు అందురు. వారు దీని మొగ్గల నెండబెట్టి వైద్యమునందు వాడుదురు.

దీని కమ్మదనము దీపములు పెట్టు వేళకు హెచ్చును. పూవు సన్నని గొట్టమువలె నుండి, చివర రెండు పెదవులుగా విచ్చుకొనును. గొట్టము అడుగున తేనె యుండును. పొడవైన తొండముగల చిమ్మటలు చీకటిపడగానే వచ్చి ఆ తేనె త్రాగి, పుప్పొడిని పూవునుండి పూవునకు మోసికొనిపోవును. తెలుపు చీకటిలో కానవచ్చు రంగు గదా! ఆ దేశములలో పిల్లలు పూవు కాడను గిల్లి తేనెబొట్టును చప్పరింతురు. ఆంగ్లనామము ఆ చప్పరింపునుండి వచ్చినదే. శాస్త్రజ్ఞులు దీని కులమునకు లోనిసెరా యని పేరిడిరి. అది పదునాఱవ శతాబ్దమున జర్మనీలో నుండిన ఆడం లోనిట్సర్ అను వైద్యుని స్మరించుచు పెట్టిన పేరు. మన మైదానములలో పెద్దగా పెంచబడనందున ఇది మన వాడుక మాటలలోనికి రాలేదు. మా వదినగారు చూచిన మఱుక్షణమే "తేనెతీవ" అని పిలిచిరి. ఈ వ్యాసమున మేమును అట్లే పిలిచెదము.

ఆ యింటి తోట చూచునది ఒక అవ్వ. చిన్ననాటనే ఆ తోటలో కలుపు తీయుటకు వచ్చి, అచ్చటనే ముసలిదయ్యెను. ఆమెది అరవము, మా వదినగారికి కొంత అరవము వచ్చును. మేము తీగకొన నొకదానిని ద్వారపు కొయ్యకు చుట్టబోగా అవ్వ చేయి పట్టుకొని ఆపి, "అటు కాదమ్మా, ఇటు. అది గుడి చుట్టు తిరిగినట్లు తిరుగుతుంది" అని చూపినది. నిజమే. పైనుండి చూచినచో తేనెతీవ కుడివైపుగా, మనము దేవునికి ప్రదక్షిణము చేయురీతిని కఱ్ఱను చుట్టుకొనును. తీగలలో పెక్కింటి దారి దీనికి ఎదురు. మన కాశీరత్నము అప్రదక్షిణముగా చుట్టును. చార్లెస్ డార్విన్ 1865లో ప్రకటించిన తీగల గ్రంథమున ఈ భేదమును గుర్తించి, హనీసకిల్ జాతి తీగ యొకటి సూర్యగమనము ననుసరించి తిరుగుచున్నదని వ్రాసెను. బలవంతముగా ఎదురు చుట్టిన కొన నిలువదు. విప్పుకొని మరల తన దారినే పోవును. కావున ఏ తీగనైనను పందిరికెక్కించునప్పుడు మొదట అది యెటు తిరుగుచున్నదో చూచి, అటే చుట్టవలెను.

అవ్వ పెంపకమును మేము నాలుగు దినములు దగ్గఱనుండి చూచితిమి. తేనెతీవకు తల యెండలోను, పాదము నీడలోను ఉండవలెనట. అందులకై మొదటిచుట్టు రాళ్ళు పేర్చి, వాని సందులలో పొట్టిమొక్కలను నాటియుండెను. ఆకు కుళ్ళిన యెరువు కలిసి, నీరు నిలువక దిగిపోవు నేల దీనికి హితము. వేళ్ళకు తడి తగ్గినచో ఆకులపై బూడిద తెగులు పట్టును. లేతకొనలకు పేనుబంక పట్టినచో, అవ్వ మందులజోలికి పోక, పలుచని సబ్బునీరు చల్లి, మఱునాడు మంచినీటితో కడిగివేయును. క్రొత్తమొక్క కావలసినచో విత్తనమునకై చూడనక్కఱలేదు. నేలకు వంగిన కొమ్మను ఒక కణుపుదగ్గఱ మట్టిలో పూడ్చి, పైన ఱాయి పెట్టినచో కొన్ని నెలలకు వేళ్ళు పోయును. దీనినే మనవారు నేలంటు అందురు.

పిల్లలు గల యిండ్లవారు ఒక జాగ్రత్త వహింపవలెను. పూవులు రాలిన పిదప ఈ తీగకు నల్లని చిన్నపండ్లు కాచును. తేనె తీయగా నున్నది గదా యని పిల్లలు పండ్లను నోట పెట్టుకొనరాదు. హనీసకిల్ జాతులలో పెక్కింటి పండ్లు తిన్నచో వాంతులును కడుపునొప్పియు కలుగును.

ఇక కత్తిరింపు. ఈ రకమునకు పూవు క్రొత్తకొమ్మలపై వచ్చును గనుక, ఏటేట చలికాలాంతమున అవ్వ కత్తెర పట్టును. ఆ కత్తిరింపు చూచినచో పూవులు పూయించుటకంటె ఎల్ల నిలుపుటకే ఎక్కువ యనిపించును. ద్వారము దాటి వచ్చిన కొన, నేలకు దిగి వేరు పోసిన కొన, కంచె సందున తల దూర్చిన కొన, ఒక్కటియు మిగులదు. మా అత్తగారు జాలిపడి, "పూచే తీగను అంతగా కోయుట యెందుకు?" అని యడిగిరి. "అమ్మా, ఇది గోడ చూడదు, కంచె చూడదు. చూడవలసినది మనమే" అని అవ్వ చెప్పి, ఎదుటి కొండవైపు చేయి చాపినది. ఆ మాట యర్థము మాకు ఉదకమండలమునకు పోయిననాడు తెలిసినది.

ఉదకమండలపు ప్రభుత్వోద్యానము దొడ్డబెట్ట కొండ దిగువ వాలున గలదు. 1848లో ఇంగ్లండునుండి వచ్చిన మెకైవర్ అను తోటమాలి దీనిని తీర్చిదిద్దెను. మెట్లు మెట్లుగా నున్న పచ్చికలను, దేశదేశముల చెట్లను చూచుచు పై కొసకు పోతిమి. అచ్చట తోడవారి మంద యొకటి గలదు. తోడవారు ఈ కొండలయందు అనాదిగా గేదెలను కాచుకొని జీవించు జనులు. గేదెలకు మేతయు, వారి పాలగుళ్ళ కప్పునకు వలసిన గడ్డియు ఈ కొండల పచ్చికబయళ్ళే యియ్యవలెను. ఒకప్పుడు నీలగిరుల పైభాగమంతయు గడ్డిబయళ్ళే. నడుమనడుమ లోయల మడతలలో మాత్రము షోలలు అను పొట్టి చెట్ల అడవులు గుబురుగా నుండెడివి. వానను మంచును పట్టి నేలలో నిలిపి, కొంచెముకొంచెముగా వాగులకు విడుచునవి ఈ గడ్డియు ఈ షోలలే.

ఇప్పుడు ఆ గడ్డిలో చాల భాగము లేదు. ఆంగ్లేయులు ఇల్లు మఱువలేక తమ దేశపు పొదలను వెంట తెచ్చుకొనిరి. పసుపు పూవులు పూయు గోర్సు అను ముండ్లపొదను, బ్రూము అను పొదను తోటలలో నాటుకొనిరి. వంటచెఱకునకును, తోళ్ళు పదునుచేయు బెరడునకును ఆస్ట్రేలియానుండి వాటిల్ అను తుమ్మజాతి చెట్లను తెప్పించి పెంచిరి. పరదేశములో తమ ఊరి పూవును చూడగోరుట తప్పని యెవ్వరనగలరు? అత్తవారింటికి పోవుచు పుట్టింటి మల్లెయంటు తీసికొనిపోని ఆడుబిడ్డ గలదా? కాని ఆ మొక్కలు నాటినవారి కంచెలలో నిలువలేదు. వాటిల్ విత్తనములు భూమిలో బహుకాలము చెడక యుండును. చెట్టును నఱికినను మరల చిగుర్చును. దట్టముగా పెరిగి గడ్డికి వెలుతురు లేకుండ చేయును. గోర్సు పెరిగినచోట గేదె ముట్టె పెట్టలేదు. నాటినవారు ఏనాడో వెడలిపోయిరి. మొక్కలు మాత్రము నిలిచినవి. వానిని పెఱికి మరల గడ్డి పెంచుటకు నేటివారు పాటుపడుచున్నారు.

తేనెతీవ చరిత్రలోనే ఇట్టి పాఠము మఱియొకటి గలదు. జపాను చీనా కొరియా దేశములనుండి ఈ తీగను 1806లో అమెరికాకు కొనిపోయిరి. మొదట ద్వారములకు అలంకారముగాను, పిదప కొండవాలులలో మన్ను కొట్టుకొనిపోకుండుటకును, అడవి లేళ్ళకు మేతగాను నాటిరి. పక్షులు పండ్లు తిని విత్తనములను అడవులకు చేరవేసినవి. అచ్చట అది నేలపై తివాసివలె పఱచుకొని చిన్నమొక్కలకు వెలుతురు దక్కనీయలేదు. లేతచెట్లను చుట్టి బిగించి వంచినది. నేడు కొన్ని రాష్ట్రములలో దానిని అమ్ముటయే నిషిద్ధము. తీగ గుణము మాఱలేదు. కత్తెర పట్టు చేయి కఱవైనది, అంతే.

ఉదకమండలమునుండి తిరిగివచ్చిన మఱునాడు అవ్వ మమ్ము సమీపమున నున్న షోల యొడ్డునకు తీసికొనిపోయినది. నాచు పట్టిన కొమ్మలనడుమ ఒక తీగ కానవచ్చెను. అదే జంట ఆకుల పొందిక, అదే గొట్టపు పూవు, అదే తెలుపునుండి పసుపునకు మాఱు రంగు. అది నీలగిరులలో సహజముగ మొలచు హనీసకిల్. 1819 ప్రాంతమున ఈ కొండలెక్కిన లెషెనో అను ఫ్రెంచి వృక్షశాస్త్రజ్ఞుని పేర దీనికి లోనిసెరా లెషెనాల్టీ యని నామము. "ఇది మా కొండది. దీనిని ఎవరూ నాటలేదు" అని అవ్వ సంతోషముతో చెప్పినది. దానికి ద్వారము లేదు, కత్తెర లేదు. అయినను పెచ్చుపెరిగి అడవిని మ్రింగలేదు. అనాదిగా తోడి చెట్లును, ఆకు తిను పురుగులును, నీడయు, చలియు దానిని తగినంతలో నుంచుచున్నవి. పుట్టినచోట మొక్కకు హద్దు ప్రకృతియే పెట్టును. పరాయిచోట ఆ హద్దును మనము పెట్టవలెను. మూడవ సంగతి యని మొదట చెప్పినది యిదియే.

మేము బయలుదేఱు దినమున అవ్వ ఒక డబ్బాలో వేళ్ళు పోసిన నేలంటు నుంచి మా వదినగారి చేతికిచ్చినది. వదినగారు దానిని చాలసేపు ఒడిలో పెట్టుకొని కూర్చుండిరి. చూచినదినమునుండి ఆమె మనసు ఆ తీగపైననే యుండెను. కడకు, "అవ్వా, మా కాకినాడ ఉక్కకు ఇది బాధపడును. ఎట్లో బ్రతికించినను మీ సాయంకాలపు వాసన అచ్చట రాదు. దీనిని ఈ ఊరిలో ద్వారమున్నవారి కెవరికైన నిమ్ము" అని తిరిగి యిచ్చిరి. అవ్వ నొచ్చుకొనలేదు. "మీ ఊరిలో పూచేది మీకు లేదా?" అని మాత్రమడిగినది.

లేకేమి? మన రాధామనోహరము లేదా! దీనికి రంగూన్ మల్లె యనియు పేరు. ఆంగ్లమున దీనిని చీనా హనీసకిల్ అని కూడ పిలుతురు. కులము వేఱైనను నడవడి యొకటే. సాయంకాలము తెల్లగా విచ్చి, మఱునాటికి గులాబివన్నెకు తిరిగి, మూడవనాటికి ఎఱ్ఱనగును. ఒకే గుత్తిలో మూడు రంగులుండును. రాత్రి చిమ్మటలును, పగలు తేనెటీగలును దీనికి చుట్టములు. పూర్వము పాశ్చాత్యశాస్త్రజ్ఞులు దీనికిచ్చిన క్విస్క్వాలిస్ అను లాటిను పేరునకు "ఎవరు? ఎట్టిది?" అని యర్థము. పదునేడవ శతాబ్దమున అంబోయినా ద్వీపమున నుండిన రంఫియస్ అను పండితుడు దీని మలయు నామమును వింతగా అనువదింపగా ఆ పేరు నిలిచినది. చిన్ననాడు పొదవలె నిలిచి, పిదప తీగయై ప్రాకి, దినమున కొక రంగు చూపు దానికి ఆ పేరు తగియే యున్నది. ఇది మన ఎండకు వెఱవదు.

నాటుటకు తొలకరి మంచి అదను. ఎండ బాగుగా తగులుచోట, గోడకు రెండు మూడడుగుల యెడముగా, రెండడుగుల లోతున గొయ్యి త్రవ్వి, చివికిన పశువులయెరువును మట్టితో కలిపి నింపవలెను. పాతతీగ మొదట లేచు పిలకను వేరుతో తీసి నాటినచో త్వరగా అంటుకొనును. ఆకు రాలినప్పుడు కాడ మొదలు గట్టిపడి ముల్లువలె మిగులును. ఆ ముండ్ల యాసరాతోనే తీగ పైకెక్కును. కొన్నియేండ్లకు మిక్కిలి బరువగును గనుక సన్నని తడికె చాలదు, గట్టి పందిరి కావలెను. కట్టుటకు ఇనుపతీగ పనికిరాదు. కొబ్బరినారతోగాని పాతచీర అంచుతోగాని వదులుగా కట్టి, ఏటేట విప్పి చూచుచుండవలెను. మొదటి యేడు నీరు క్రమముగా పోసినచో, ఆపై వేసవిలో తడుపుట చాలును.

పూవు దీనికిని క్రొత్తకొమ్మలపైననే వచ్చును. కావున పూత తగ్గిన పిదప, చలికాలము వెళ్ళునప్పుడు, ధైర్యముగా కత్తిరింపవలెను. కరెంటుతీగ నందుకొన్న కొమ్మ, పెంకుల సందున దూరిన కొమ్మ, పొరుగువారి గోడ దాటిన కొమ్మ, ఇవి మొదట పోవలెను. కరెంటుతీగ దగ్గఱి దానిని స్వయముగా తాకక, తెలిసినవారిచే తీయింపవలెను. మొదలుచుట్టు లేచు పిలకలలో కావలసినవానిని ఉంచుకొని తక్కినవి వేరుతో పెఱికివేయవలెను. కత్తిరించిన కొమ్మలను కాలువగట్టునను ఊరిబయటను పాఱవేయరాదు. ఎండబెట్టి ఎరువుగుంటలో వేయుడు. పిలక యిమ్మని యడిగిన పొరుగామెకు తప్పక యిండు. ఇచ్చునప్పుడు ఆమెకు పందిరియు కత్తెరయు గలవో లేవో కూడ అడుగుడు.